ఎసైక్లోవిర్: ఒక మందు పేరును విడదీసి చదవడం, రాయడం, అడగడం ఎలా

హన్మకొండలో మందుల దుకాణం నడిపేవాడికి ఒకే మందు ఒకే పూటలో మూడు పేర్లతో వినబడుతుంది. పొద్దున పరకాల బస్సు దిగి వచ్చిన పెద్దాయన "బిడ్డా, అక్కి గోలీలు ఇయ్యి" అంటాడు. ఆయన వెనక నిలబడ్డ కాలేజీ అమ్మాయి పెదవి మీద లేచిన పొక్కులకు తాను ఎప్పుడూ రాసుకునే ట్యూబు బ్రాండు పేరు చెబుతుంది. మధ్యాహ్నానికి దవాఖాన నుంచి ఎవరో తెచ్చిన చీటీలో డాక్టరు పెద్ద అక్షరాల్లో రాసిన జనరిక్ పేరు, అంటే మందు అసలు పేరు, కనబడుతుంది. ముగ్గురికీ కావలసింది ఎసైక్లోవిర్ అనే వైరస్ మందే.

ఆ పేరును షీటు మీద ఎక్కడ చూడాలో, ఎలా విడదీసి అర్థం చేసుకోవాలో, తెలుగులో ఎలా రాయాలో, దుకాణంలోనూ డాక్టరు దగ్గరా ఎలా వాడాలో ఇక్కడ చెబుతాను. మందును సొంతంగా కొని మింగడానికి ఇది దారి కాదు. ఎసైక్లోవిర్ మన దేశంలో డాక్టరు చీటీ మీద మాత్రమే అమ్మవలసిన షెడ్యూల్ హెచ్ మందు. అయినా రోగికి ఆ పేరు తెలిసి ఉండటం వేరే విధంగా పనికొస్తుంది. నా కౌంటరు మీద తలెత్తే చిక్కుల్లో చాలామటుకు మందు దగ్గర కాదు, పేరు దగ్గర మొదలైనవే.

షీటు మీద అసలు పేరు

మాత్రల షీటును వెనక్కి తిప్పి వెలుతురుకు ఏటవాలుగా పట్టుకోండి. వెండి రేకు మీద అచ్చు కాబట్టి ఎదురుగా పట్టుకుంటే మెరుపే తప్ప అక్షరాలు కనబడవు. అక్కడ రెండు పేర్లుంటాయి. ఒకటి కంపెనీ పెట్టుకున్న బ్రాండు పేరు. రెండోది మందు అసలు పేరు; దాని వెంట "టాబ్లెట్స్", ఆ తరవాత భారతీయ ఔషధ ప్రమాణ గ్రంథాన్ని సూచించే "ఐ.పి." అనే రెండు అక్షరాలు, ఆపైన మిల్లీగ్రాముల అంకె ఉంటాయి. 2018 సెప్టెంబరు నుంచి అమల్లో ఉన్న నిబంధన ప్రకారం, ఒకే మందు ఉన్న మాత్రల మీద అసలు పేరును బ్రాండు పేరు కన్నా కనీసం రెండు సైజులు పెద్ద అక్షరాల్లో అచ్చు వేయాలి. అంతకుముందు చాలా షీట్ల మీద బ్రాండు పేరు బారెడు, అసలు పేరు చీమ తలకాయంత ఉండేవి. షెడ్యూల్ హెచ్ మందు అని తెలిపే హెచ్చరిక వాక్యం కూడా అక్కడే ఉంటుంది.

ఇక్కడ ఒక చిన్న జాగ్రత్త అవసరం. పది మాత్రల షీటులో ఐదే కావాలని అడిగితే మేము కత్తెరతో కోసి ఇస్తాం. బ్యాచి నంబరు, గడువు తేదీ సాధారణంగా ఒక చివరనే ఉంటాయి. మీకు వచ్చిన ముక్క మీద పేరూ గడువూ లేకపోతే ఇంటికి వెళ్లాక అది ఏ మందో మీకే కాదు, మళ్లీ దాన్ని చూపిస్తే మాకూ తెలియదు. అవి ఉన్న వైపు ముక్కనే ఇమ్మని అడగండి. అడగడం మొహమాటం అనిపిస్తే కోయకముందే ఫోనుతో ఒక ఫొటో తీసుకోండి.

ఆంగ్లంలో ఈ పేరు రెండు విధాలుగా అచ్చవుతుంది. కొన్ని షీట్ల మీద "సి" తరవాత "వై" ఉంటుంది, కొన్నిటి మీద "ఐ" ఉంటుంది. మందు రెండింటా ఒకటే. వై ఉన్నది అమెరికా పద్ధతి. ఐ ఉన్నది ప్రపంచ ఆరోగ్య సంస్థ ఖాయం చేసిన అంతర్జాతీయ పేరు; ఏ భాషవారైనా సులువుగా రాయగలిగేలా వైకి బదులు ఐ, "పిహెచ్"కు బదులు "ఎఫ్", "టిహెచ్"కు బదులు "టి" వాడాలని ఆ సంస్థ నియమం పెట్టుకుంది. మందులకు ఇలా ఎవరి సొత్తూ కాని పేర్లు పెట్టాలన్న తీర్మానం 1950లో జరిగింది, 1953 నుంచి ఆ పని నడుస్తున్నది. పోయినసారి తీసుకున్న షీటుకూ ఈసారి షీటుకూ ఒక అక్షరం తేడా ఉందని మందు మార్చి ఇచ్చామేమోనని తగవుకు వచ్చినవారు ఉన్నారు. వారిది తప్పని నేను అనను. అక్షరం అక్షరం చూసి తీసుకునేవారే మంచి గిరాకీలు.

తోక నుంచి మొదలుపెట్టి చదవాలి

మందు పేరును ముందు నుంచి చదివితే పెద్దగా ఏమీ తెలియదు. చివరి నుంచి రావాలి, ఎందుకంటే ఇంటిపేరు అక్కడుంటుంది. మనవాళ్ల పేర్లలో ఇంటిపేరు ముందు వస్తుంది, మందుల పేర్లలో వెనక వస్తుంది, తేడా అంతే.

ఎసైక్లోవిర్ చివర ఉన్న "విర్" వైరస్‌ల మీద పనిచేసే మందులకు అంతర్జాతీయంగా కేటాయించిన తోక. దీన్ని చాలామంది "వీర్" అని దీర్ఘం ఇచ్చి పలుకుతారు. ఒక కుర్రాడైతే ఇది వైరస్‌తో పోరాడే వీరుడు కాబట్టే ఆ పేరు పెట్టారని తన స్నేహితుడికి నా ఎదుటే వివరించాడు. ఊహ బాగుంది కానీ నిజం ఇంకా బాగుంది. విర్ అనేది వైరస్ అన్న మాట మొదటి ముక్క. వైరస్ లాటిన్ మాట, ఆ భాషలో దానికి విషం అనీ జిగట ద్రవం అనీ అర్థాలు. మనం సంస్కృతం నుంచి తెచ్చుకున్న "విషం" ఆ మాటకు తోబుట్టువు. రెండూ ఒకే పాత మూలం నుంచి చీలి, ఒకటి పడమటికీ ఒకటి తూర్పుకూ వచ్చాయి. విచిత్రమేమిటంటే లాటిన్‌లో "విర్" అనే మాట విడిగా కూడా ఉంది. దానికి పురుషుడు అని అర్థం, మన "వీర" శబ్దానికి అది నిజంగానే చుట్టం. అయితే మందుల పేర్లలో ఉన్న విర్ ఆ విర్ కాదు. కుర్రాడు చుట్టరికం సరిగానే పట్టుకున్నాడు, ఇల్లు మాత్రం తప్పాడు.

ఇప్పుడు నడుముకు రండి. "సైక్లో" గ్రీకు భాషలో వలయాన్ని, చక్రాన్ని తెలిపే మాట నుంచి వచ్చింది. సైకిల్ అన్న మాటా అక్కడిదే. మన "చక్రం" కూడా దీనికి తోబుట్టువే. పేరు మొదట ఉన్న "ఎ" గ్రీకు భాషలో "లేదు", "కాదు" అని చెప్పడానికి వాడే అక్షరం. అధర్మం, అశుభం వంటి మాటల మొదట మనం పెట్టే "అ" కూడా దాని తోడబుట్టినదే. అంటే ఎక్కడో విదేశీ ప్రయోగశాలలో పుట్టిన ఈ పేరులో అ, చక్రం, విషం అనే మూడు పాత చుట్టాలు వరసగా కూర్చుని ఉన్నాయి. మూడింటినీ కలిపి విప్పితే "చక్రం లేనిది, వైరస్ మీద పనిచేసేది" అన్న అర్థం వస్తుంది. వాడుకలో ఈ తెలుగు అర్థాన్ని పేరుగా పెట్టకండి. గుర్తు ఉంచుకోవడానికి మాత్రం దీనికి మించిన తాళంచెవి లేదు.

చక్రం లేకపోవడమేమిటన్నది ఈ మందు కథలో అసలు ముడి. ప్రాణుల డీఎన్ఏ నాలుగు రకాల దిమ్మెలతో కట్టిన గొలుసు. ఆ నాలుగింటిలో ఒకటి గ్వానిన్ అనే పదార్థం, దానికి అంటిన ఒక చక్కెర అణువు, ఫాస్ఫేటు కలిసినది. ఆ చక్కెర అణువు వలయం ఆకారంలో ఉంటుంది. ఎసైక్లోవిర్‌లో గ్వానిన్ ఉన్నది ఉన్నట్టే ఉంటుంది, చక్కెర వలయం స్థానంలో మాత్రం మూసుకోని చిన్న తోక వంటి గొలుసు ముక్క ఉంటుంది. పేరులోని "ఎ", "సైక్లో" చెప్పేది దీన్నే. మొదట్లో దీన్ని ఎసైక్లోగ్వానోసిన్ అని కూడా పిలిచారు.

కాజీపేట జంక్షన్‌లో రైలు డబ్బాలను ఒకదానికొకటి తగిలించడం చూసినవారికి దీని పని సులువుగా అర్థమవుతుంది. ప్రతి డబ్బాకు ముందూ వెనకా కొక్కేలుంటాయి, అందుకే ఎన్ని డబ్బాలైనా కలుపుకుంటూ పోవచ్చు. వైరస్ తన డీఎన్ఏకు నకలు తీసుకునేటప్పుడు ఇలాగే దిమ్మె వెనక దిమ్మె తగిలిస్తుంది. ఎసైక్లోవిర్ చూడటానికి అసలు డబ్బాలాగే ఉంటుంది కాబట్టి వైరస్ దాన్నీ తగిలించుకుంటుంది. కాని చక్రం లేని ఈ డబ్బాకు వెనక కొక్కెం లేదు. తరవాతి డబ్బా తగిలించడానికి చోటే ఉండదు, రైలు అక్కడితో ఆగిపోతుంది.

మరి మన ఒంట్లోని కణాలు కూడా డీఎన్ఏ కడతాయి కదా, వాటి రైలు ఎందుకు ఆగదన్న అనుమానం రావాలి. ఎసైక్లోవిర్ మింగినప్పుడు పని చేసే రూపంలో ఉండదు. దానికి మూడు ఫాస్ఫేట్లు తగలాలి. మొదటిదాన్ని తగిలించే ఎంజైము, థైమిడిన్ కైనేజ్ అనేది, పెదవి పొక్కులు, ఆటలమ్మ వంటివి తెచ్చే హెర్పిస్ జాతి వైరస్ తన వెంట తెచ్చుకునేదే. మన కణాల ఎంజైములు ఆ మొదటి పని దాదాపు చేయవు, మిగిలిన రెండూ మాత్రం చేస్తాయి. కాబట్టి వైరస్ చొరబడిన కణంలోనే మందుకు పదును వస్తుంది. దొంగ చేతిలోని తాళంచెవితోనే దొంగ ఉన్న గదికి గొళ్లెం వేయించడం వంటిదిది. 1970లలో బరోస్ వెల్‌కమ్ కంపెనీ ప్రయోగశాలలో గెర్ట్రూడ్ ఎలియన్ అనే శాస్త్రవేత్త బృందం ఈ సంగతిని విప్పి చెప్పింది. పీహెచ్‌డీ పూర్తి చేయని ఆమెకు, జార్జ్ హిచింగ్స్, జేమ్స్ బ్లాక్‌లతో కలిపి 1988లో వైద్యశాస్త్ర నోబెల్ బహుమతి వచ్చింది.

ఇంటిపేరు ఒకటే, పనులు వేరు

విర్ అని తోక కనబడగానే అది అన్ని వైరస్‌లకూ పనికొస్తుందని అనుకోవడమే ఈ పేరుతో జరిగే పెద్ద పొరపాటు. ఎసైక్లోవిర్ హెర్పిస్ కుటుంబంలోని కొన్ని వైరస్‌ల మీదే బాగా పనిచేస్తుంది: పెదవి దగ్గరా జననాంగాల దగ్గరా పొక్కులు తెచ్చే హెర్పిస్ సింప్లెక్స్ రెండు రకాలు, ఆటలమ్మ తెచ్చే వారిసెల్లా జోస్టర్. పెద్దయ్యాక నడుము చుట్టో ఛాతీ మీదో ఒక పక్కనే మంటతో పొక్కులు లేచే అక్కి, దాన్నే సర్పి అని కూడా అంటారు, అదీ ఈ ఆటలమ్మ వైరస్ పనే. చిన్నప్పుడు ఆటలమ్మ తగ్గిపోయాక వైరస్ నరాల మూలాల్లో దాక్కుని ఉండి, ఏళ్ల తరవాత, ఒంట్లో రోగనిరోధక శక్తి తగ్గినప్పుడు ఒక నరం వెంట బయటికి వస్తుంది. దాక్కుని ఉన్న వైరస్‌ను ఎసైక్లోవిర్ తుడిచిపెట్టలేదు, బయటికి వచ్చి పెరుగుతున్నదాన్నే ఆపుతుంది. వానకాలంలో మన దగ్గర విరివిగా వచ్చే డెంగీకి గానీ మామూలు జలుబుకు గానీ ఇది పనికిరాదు. డెంగీ వైరస్‌కూ ఇన్‌ఫ్లుయెంజాకూ కొవిడ్‌కూ ఆ థైమిడిన్ కైనేజ్ లేదు. వాటి జన్యుపదార్థం డీఎన్ఏ కూడా కాదు, ఆర్ఎన్ఏ.

అందుకే విర్‌కు ముందున్న అక్షరాలను కూడా చూడాలి. ఇంటిపేరులోనే శాఖలు ఉన్నాయి. "అమివిర్" అని ముగిస్తే అది ఇన్‌ఫ్లుయెంజాది. స్వైన్ ఫ్లూ వచ్చిన 2009లో అందరి నోటా నానిన ఓసెల్టామివిర్ ఈ శాఖదే. "టెగ్రావిర్" అని ఉంటే హెచ్ఐవీ మీద పనిచేసేది, హెచ్ఐవీ చికిత్స చేసే ఏఆర్‌టీ కేంద్రాల్లో ఇచ్చే టీఎల్‌డీ అనే మాత్రలోని డోలుటెగ్రావిర్ వంటిది. "నావిర్" కూడా హెచ్ఐవీదే. "బువిర్", "అస్విర్" హెపటైటిస్ సి మందులు. 2020, 2021లో ఊరూరా వెతికిన రెమ్డెసివిర్‌ది మరో దారి. తోకలో విర్ లేకుండానే వైరస్ మందులైనవి కూడా ఉన్నాయి. జిడోవుడిన్, లామివుడిన్ అలాంటివి. (ఇక్కడ ఒక మాట. క్యూలో నిలబడి పక్కవారి చీటీలోని పేరును పైకి చదవకండి. శాఖ తెలిసినవాడికి పేరు వినగానే జబ్బు తెలిసిపోతుంది.)

ఎసైక్లోవిర్ ఉన్న శాఖ తోక "సైక్లోవిర్". ఇందులో దగ్గరి అన్నదమ్ములు ఉన్నారు, అసలు తికమక వారి మధ్యనే. వాలాసైక్లోవిర్‌లోని "వాలా" వాలిన్ అనే అమైనో ఆమ్లం. ఎసైక్లోవిర్‌కే వాలిన్ తగిలించారు, ఒంట్లోకి వెళ్లాక అది విడిపోయి మళ్లీ ఎసైక్లోవిరే మిగులుతుంది. నోటితో మింగిన ఎసైక్లోవిర్‌లో రక్తంలోకి చేరేది సుమారు ఐదో వంతు మాత్రమే, చేరింది కూడా మూడు గంటల్లో సగానికి తగ్గిపోతుంది; అందువల్లనే దాన్ని పెద్దవారికి అక్కి వచ్చినప్పుడు సాధారణంగా 800 మిల్లీగ్రాముల చొప్పున రోజుకు 5 సార్లు రాస్తారు. వాలిన్ తగిలిస్తే సగానికి పైగా రక్తంలోకి చేరుతుంది కాబట్టి వాలాసైక్లోవిర్‌ను 1000 మిల్లీగ్రాముల చొప్పున 3 సార్లు రాస్తారు. పేరులో రెండక్షరాల తేడా గోలీల లెక్కను ఇంత మారుస్తుంది. ఒకదాని చీటీ పట్టుకుని రెండోదాన్ని అదే లెక్కలో మింగకూడదు. గాన్‌సైక్లోవిర్ మరొకటి; అది వేరే వైరస్‌కు, ఎక్కువగా పెద్ద దవాఖానల్లో వాడేది, దాని దుష్ప్రభావాలు కూడా వేరు.

సైక్లో అని కనబడ్డ ప్రతి మందూ చుట్టం కాదు. టెట్రాసైక్లిన్ అంటే నాలుగు వలయాలు ఉన్నదని, అది బాక్టీరియా మీద వాడే యాంటీబయాటిక్. డైసైక్లోమిన్ కడుపునొప్పిది. వలయాలు అందరి ఇళ్లలోనూ ఉంటాయి, తోకను చూసే కుటుంబం నిర్ణయించాలి.

తెలుగులో రాయడం: "సి" కాదు, "సై"

ఈ పేరును తెలుగులో ఎసైక్లోవిర్, అసైక్లోవిర్, ఎసిక్లోవిర్ అని మూడు నాలుగు రకాలుగా రాస్తున్నారు. నేను ఎసైక్లోవిర్ అనే రాస్తాను, అందరూ అలాగే రాయాలని గట్టిగా అడుగుతాను. కారణం వ్యాకరణం కాదు, ఎసిక్లోఫెనాక్. అది ఒళ్లు నొప్పులకూ కీళ్ల నొప్పులకూ మన దగ్గర బాగా వాడే మందు. ఎసిక్లోవిర్ అని రాస్తే రెండు పేర్లకూ మొదటి మూడు అక్షరాలు ఒకటే అవుతాయి, హడావుడిలో మనిషి చూసేదీ వినేదీ ఆ మూడు అక్షరాలే.

ఈ పొరపాటు నేనే చేయబోయాను. ఒక సాయంత్రం నర్సంపేట వైపు నుంచి ఒకావిడ ఫోను చేసి, చీటీలో ఉన్న పేరు చదువుతూ "ఎసిక్లో..." అనేసరికి మాట తెగిపోయింది. తమ్ముడు బండి మీద వస్తున్నాడని మాత్రం తరవాత వినబడింది. నేను ఎసిక్లోఫెనాక్ షీటు తీసి కవరులో పెట్టి పేరు రాసి కూడా ఉంచాను. ఆ తమ్ముడు వచ్చి డబ్బులు ఇస్తూ, "అన్నా, గీ గోలీలు ఏస్కుంటె పొక్కులు ఎన్ని దినాలల్ల ఎండుతయి?" అని అడిగాడు. పొక్కులేమిటని అడిగితే అప్పుడు తెలిసింది, అక్కకు నడుము చుట్టూ అక్కి లేచిందని. చీటీ ఫొటో తెప్పించి చూస్తే అందులో స్పష్టంగా విర్ అనే ఉంది. నొప్పి మందు వేసుకుని ఆమె రెండు రోజులు గడిపి ఉంటే, వైరస్‌ను ఆపవలసిన ఆ రెండు రోజులూ పోయేవి. చీటీ చూడకుండా కవరు కట్టడం నా తప్పు. ఆనాటి నుంచి ఫోనులో పేరు చెప్పేవారిని చివరి అక్షరాలు మళ్లీ చెప్పమంటాను: "ఫెనాకా, విరా?"

మిగతా రాత పద్ధతి సులువే. చివరి "ర్" పొల్లును అలాగే ఉంచి విభక్తి చేర్చాలి: ఎసైక్లోవిర్‌తో, ఎసైక్లోవిర్‌కు, ఎసైక్లోవిర్ వల్ల. తెలుగు నోటికి మాట చివర అచ్చు ఉంటేనే హాయి కాబట్టి మాట్లాడేటప్పుడు "వీరు" అని రావడం సహజం. కాని రాతలో అలా రాస్తే "ఎసైక్లోవీరు వాడుతున్నారు" అన్న వాక్యంలో ఎవరు ఎవరిని వాడుతున్నారో తెలియకుండా పోతుంది. పొడి అక్షరాలు వద్దు. "ఏసీవీ" అని రాసుకుని తరవాత ఫోనులో వెతికితే ఆపిల్ పండ్లతో చేసే వెనిగర్ సంగతులు వస్తాయి. పేరుకు తెలుగు అనువాదం చేయనక్కరలేదు, మాత్ర, గోలీ, లేపనం వంటి మాటలు మాత్రం నిరభ్యంతరంగా తెలుగులోనే ఉండాలి.

దుకాణంలో, డాక్టరు దగ్గర

అడిగేటప్పుడు పేరు ఒక్కటే చాలదు. పేరు, మిల్లీగ్రాములు, రూపం అనే మూడూ చెప్పాలి. ఎసైక్లోవిర్ 200, 400, 800 మిల్లీగ్రాముల మాత్రలుగా దొరుకుతుంది. మాత్ర పేరు పక్కన "డీటీ" అని ఉంటే నీళ్లలో వేసి కరిగించుకుని తాగవచ్చు, మింగడం కష్టమైన ముసలివారికి ఇది మేలు. ఇవి కాక చర్మానికి రాసే 5 శాతం లేపనం, కంటికి వేసే 3 శాతం లేపనం, దవాఖానలో నరానికి ఎక్కించే సూది ఉన్నాయి. రెండు లేపనాల ట్యూబులూ చిన్నవే, మీద ఉన్న పేరు ఒకటే. చర్మపు ట్యూబును కంట్లో వేయకూడదు. ట్యూబు మీద కంటికి అని తెలిపే "ఆఫ్తాల్మిక్" అనే మాట ఉందో లేదో చూసుకోవాలి. బ్రాండు దొరకనప్పుడు జనఔషధి కేంద్రంలోనో మరో దుకాణంలోనో అసలు పేరు చెప్పి అడిగితే, అంకె, రూపం కలిస్తే అదే మందు. ఖరీదు తగ్గిందని బలం తగ్గినట్టు కాదు.

డాక్టరు దగ్గర ఈ పేరు రెండు చోట్ల పనికొస్తుంది. ఇంతకుముందు వాలాసైక్లోవిర్ వేసుకుంటే దద్దుర్లు వచ్చాయని చెబితే, ఎసైక్లోవిర్ కూడా పడదని ఆయన వెంటనే గ్రహిస్తారు. పేర్లలోని చుట్టరికం ఇక్కడ మీకు కాపలా కాస్తుంది. రెండోది కిడ్నీల సంగతి. ఈ మందు ఎక్కువగా మూత్రం ద్వారానే బయటికి పోతుంది. నీళ్లు చాలనప్పుడు కిడ్నీలో స్ఫటికాలుగా పేరుకునే అవకాశం ఉంది. కిడ్నీ జబ్బు ఉన్నవారికి మోతాదు తగ్గించాలి. తగ్గించకపోతే ముసలివారిలో మగతగా ఉండటం, మాట తడబడటం, లేనివి ఉన్నట్టు కనబడటం వంటివి రావచ్చు. అటువంటివి కనబడితే జబ్బు ముదిరిందనుకుని ఊరుకోకుండా మందు పేరు చెప్పి డాక్టరుకు చూపించాలి. నొప్పులకు వేసుకునే గోలీలు కూడా కిడ్నీల మీద భారం వేసేవే కాబట్టి వాటి పేర్లూ చెప్పాలి. గర్భిణికి ఆటలమ్మ సోకినా, అక్కి నుదుటి మీదో కంటి పక్కనో ముక్కు కొసనో లేచినా, ఆ పూటే దవాఖానకు వెళ్లాలి.

వేళ గురించి కాస్త గట్టిగానే చెప్పాలి. అక్కికి ఈ మందును పొక్కులు కనబడ్డ 72 గంటల లోపల మొదలుపెడితే ఫలితం బాగుంటుంది. ఆటలమ్మకు డాక్టరు మందు అవసరమనుకుంటే మొదటి 24 గంటలే మేలైనవి. మన పల్లెల్లో అక్కి లేస్తే ఎర్రమట్టితో రాయించుకోవడం పాత అలవాటు. ఆ మట్టి చల్లదనానికి మంట కాసేపు తగ్గినట్టు ఉండవచ్చు, నేను దాన్ని ఎగతాళి చేయను. కాని మూడు రోజులు రాయించుకుని నాలుగో రోజు నా దగ్గరికి చీటీ పట్టుకుని వచ్చేవారిని చూస్తే బాధ కలుగుతుంది, ఎందుకంటే పొక్కులు మానాక నెలల తరబడి నరం సలుపుతూ ఉండే బాధ పెద్దవారిలో ఎక్కువ. రాయించుకునేవారు రాయించుకోవచ్చు, ఆ రోజే డాక్టరును కూడా చూడాలి.

పరకాల పెద్దాయన దగ్గర చీటీ ఉంది, అంగీ జేబులో నాలుగు మడతలు పెట్టి దాచుకున్నాడు. కిడ్నీ పరీక్ష కాగితం కూడా దాని వెనకే ఉంది. షీట్లు ఇచ్చి, ఆయన ఆంగ్లం చదవలేడు కాబట్టి కవరు మీద తెలుగులో పెద్ద అక్షరాలతో రాశాను: ఎసైక్లోవిర్, 800, మొదలుపెట్టిన తేదీ, కింద ఐదు గీతలు, గీతల మీద 6, 10, 2, 6, 10 అని గంటలు. ప్రతి గోలీకి గ్లాసెడు నీళ్లు తాగమని చెప్పాను. ఆయన కవరును దూరంగా పట్టుకుని, వేలితో ఒక్కో అక్షరం కిందా గీస్తూ, "ఎ... సై... క్లో... విర్" అని చదివాడు. తరవాత గీతలు లెక్కపెట్టి, చివరి గీత దగ్గర వేలు ఆపి, "రాత్రి పది అంటె నేను పండుకుంట గద బిడ్డా, గా గోలికి కోడలు లేపాలె" అని, కవరును చీటీతో కలిపి మళ్లీ నాలుగు మడతలు పెట్టుకున్నాడు.